హికరీ కాయల కాలం

సెప్టెంబర్ 14

ఒహాయోలో ఆకులింకా పచ్చగానే ఉన్నాయి. కాయ రాలకముందే చెట్టును చూసి పెట్టుకోవాలి. షాగ్‌బార్క్ హికరీ ముదిరితే దూరం నుంచే పోల్చుకోవచ్చు. బెరడు నిలువునా పొడవాటి పట్టీలుగా లేచి, పైనా కిందా విడిపోయి, నడుమ మాత్రం మానును పట్టుకుని ఉంటుంది. లేత చెట్టుకు ఈ గుర్తు ఉండదు. అప్పుడు రెబ్బ చూడాలి: మామూలుగా ఐదే ఆకులు, కొసనున్న మూడూ పెద్దవి.

సెప్టెంబర్ 20

ఐదు ఆకుల లెక్క ఒక్కటే నమ్ముకుంటే ప్రమాదం. బకై చెట్టుకూ ఐదే. అది ఈ రాష్ట్ర వృక్షం, దాని గింజ విషం. కాకపోతే బకై ఆకులు ఐదూ ఒకే చోట పుట్టి విచ్చుకుంటాయి. హికరీకి ఈనె పొడవునా జతలు జతలుగా ఉండి, చివర ఒకటి ఒంటరిగా ఉంటుంది. బకై గింజ ముదురు గోధుమ రంగులో నున్నగా మెరుస్తుంది, ఒక పక్క పాలిపోయిన మచ్చ. హికరీ పెంకు వెలిసిన రంగు, మీద నాలుగు గట్లు. పిల్లల్ని వెంట తీసుకెళ్లేవాళ్లు ఈ రెండు గింజల్నీ పక్కపక్కన పెట్టి చూపించాలి.

వాగు ఒడ్డున బిట్టర్‌నట్ కనిపించింది. ఇదీ హికరీ జాతే. గంధకం రంగు మొగ్గ చూస్తే చాలు. పలుకు నాలుక మీద పెడితే వగరూ చేదూ కలిసి నోరు బిగుసుకుపోతుంది.

అక్టోబర్ 4

చెట్టున్న పొలం యజమానురాలిని అడిగి లోపలికి వెళ్లాం. రాలిన కాయైనా సరే, అడిగే ఏరుకోవాలి.

షాగ్‌బార్క్ కాయ పైతొక్క దళసరి. పండితే మొదలు దాకా నాలుగు చెక్కలుగా విడిపోతుంది. తొక్క ఇంకా గట్టిగా పట్టుకుని ఉన్నవాటిని అక్కడే వదిలేశాం. పెంకుకు గుండ్రటి చిన్న రంధ్రం ఉంటే ముక్కుపురుగు పిల్ల లోపల తినేసి బయటపడిందని అర్థం.

చెట్టు కింద అంతా ఊడ్చుకు రాకూడదు. ఉడతలకు చలికాలపు గ్రాసం ఇదే.

అక్టోబర్ 5

కాయల్ని బకెట్ నీళ్లలో పోశాం. తేలినవి పారేశాం, మునిగినవి తుడిచి గాలి తగిలేలా జల్లెడ మీద పరిచాం. కొన్ని వారాలు ఆరితే పలుకు పెంకు వదులుతుంది, రుచీ పెరుగుతుంది.

అక్టోబర్ 25

సుత్తితో కొట్టి, సూదితో పలుకులు తీస్తున్నాను. కాయ బరువులో ఎక్కువ పెంకే. గుంటూరు నుంచి వచ్చిన అమ్మ కాసేపు చూసి, “ఇది ఒలిచే గింజ కాదమ్మాయ్, దంచే గింజ” అంది.

అమ్మ చెప్పిందే అమెరికా ఆదివాసులైన చెరోకీల పద్ధతి. పెంకుతో సహా రోట్లో దంచి ముద్ద చేస్తారు, ముద్దను వేడినీళ్లలో కలిపి వడగడతారు. దాన్ని కనుచీ అంటారు, అన్నంలోనో మొక్కజొన్నలోనో కలుపుకుంటారు. మరో ఆదివాసీ జాతి క్రీకులదీ ఇలాంటి పద్ధతే. 1791లో అచ్చయిన యాత్రాగ్రంథంలో విలియం బార్‌ట్రమ్, ఒక్క క్రీక్ కుటుంబం దగ్గరే నూరు బుషెళ్లకు మించి కాయలు చూశానని రాశాడు. 1838-39లో అమెరికా సైన్యం చెరోకీలను వాళ్ల నేల నుంచి తరిమేసింది. ఓక్లహోమా చేరినవాళ్ల ఇళ్లలో కనుచీ నేటికీ చేస్తున్నారు. ఈ కాయ గురించి రాసే ఎవరైనా ముందు వాళ్ల పేరు చెప్పి తీరాలి.

నవంబర్ 1

అమ్మ రోలు ముందు కూర్చుంది. మొదట పెంకు చప్పుడు, తర్వాత పొడి, ఇంకాసేపటికి నూనె ఊరి పిండి దానంతటదే ముద్దకట్టింది. నూరు గ్రాముల పలుకులో 64 గ్రాములు కొవ్వే మరి. వేడినీళ్లలో సన్నని మంట మీద కాచాం. పెంకు ముక్కలు అడుగుకు చేరాయి. పైపాలు పలచటి గుడ్డలో వడగట్టి, ఉడికిన అన్నంలో పోసి బెల్లం కలిపాం. జీడిపప్పు గుర్తుకు రాలేదు, యాలకుల అవసరమూ కలగలేదు. ఈ రుచికి బెల్లమే చాలు.

నవంబర్ 2

మిగిలిన ముద్దలు ఫ్రీజర్‌లో పెట్టాను, బయట ఉంటే త్వరగా కారువాసన కొడతాయి. ఒకటి యజమానురాలికి పంపాలి. ఈ చెట్టు ఏటా ఇంతగా కాయదు. వచ్చే ఏడు వాగు కింది పల్లంలో రెబ్బకు ఏడాకులుండే షెల్‌బార్క్ కోసం చూడాలి. దాని కాయ ఇంకా పెద్దది.