స్థలం దగ్గరే తగవు తీర్చే కోర్టు

ఇంటి ప్లానును స్థానిక కౌన్సిల్ తిరస్కరిస్తే సిడ్నీ వాసులు అప్పీలుకు వెళ్లే ల్యాండ్ అండ్ ఎన్విరాన్‌మెంట్ కోర్టును చూడటానికి వెళ్లాను. 1979 నాటి చట్టంతో ఏర్పడి, 1980 సెప్టెంబరులో పని మొదలుపెట్టిన ఈ కోర్టులో జడ్జీలతో పాటు కమిషనర్లూ ఉంటారు. వాళ్లలో ప్లానర్లు, ఆర్కిటెక్టులు, ఇంజనీర్లు ఉన్నారు. మామూలు ఇళ్ల తగాదాల్లో ముందు రాజీ ప్రయత్నం జరగాలి. అది చాలాసార్లు ఇల్లు కట్టదలచిన స్థలంలోనే మొదలవుతుంది. నీడ ఎటు పడుతుందో, ఏ కిటికీలోంచి ఏం కనిపిస్తుందో కమిషనరు కళ్లారా చూసి, ఇరుగుపొరుగుల అభ్యంతరాలు అక్కడే వింటారు. ఆపై సాగే రాజీ చర్చ గోప్యం. అందులో అన్న మాటను తర్వాతి విచారణలో సాక్ష్యంగా వాడకూడదు కాబట్టి, గోడ కాస్త వెనక్కి జరుపుతామనో కిటికీ మారుస్తామనో యజమాని జంకు లేకుండా అనగలడు.

కట్టడాల తగవులను ఆ పని తెలిసినవాళ్లు స్థలం చూసి తేల్చాలన్న నా నమ్మకం ఇక్కడ గట్టిపడింది. 2004లో టెనాసిటీ కేసులో ఈ కోర్టు, కొత్త ఇల్లు పొరుగింటి దృశ్యాన్ని కప్పేసే తగాదాకు నాలుగు మెట్ల పరీక్ష పెట్టింది: కనిపించేది ఏమిటి, ఇంట్లో ఎక్కడినుంచి, ఎంత పోతుంది, కట్టేవాడి కోరిక సబబేనా. ఈ నాలుగింటికీ ఫైలు ఒక్కటే చూసి జవాబు చెప్పడం కష్టం. ఎన్నికైన కౌన్సిల్ మాటను ఎన్నిక కాని కమిషనరు ఎలా తోసిపుచ్చుతారని అడుగుతారు. అడగాల్సిన ప్రశ్నే. అయితే కోర్టు కౌన్సిల్ స్థానంలో నిలబడి నిర్ణయిస్తుంది. కౌన్సిల్‌ను కట్టేసే ప్లానింగ్ చట్టమే దాన్నీ కట్టేస్తుంది. ఇరుపక్షాలూ రాజీ పడ్డా, చట్టం ఒప్పుకోని ప్లానుకు కోర్టు ఆమోదముద్ర వేయజాలదు. ఇంతకన్నా బలమైన అభ్యంతరం వేరే ఉంది. పొరుగువారి మాట వింటారు గానీ, ఇలాంటి అప్పీళ్లలో వాళ్లు సాధారణంగా కక్షిదారులు కారు; వాళ్ల సమ్మతి లేకుండానే రాజీ కుదరవచ్చు. ఇది నిజమైన లోపం. దీన్ని వెనకేసుకురాను. పొరుగువారికి రాజీబల్ల దగ్గర కుర్చీ వేస్తే ఆ లోపం తీరుతుంది, కోర్టును తీసేస్తే తీరదు.

మన హైదరాబాద్‌లో మాత్రం కట్టడాల తగవులు ఎన్నో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్లుగా హైకోర్టు మెట్లెక్కుతున్నాయి. అధికారులు నోటీసు ఇచ్చారా, యజమాని వాదన విన్నారా అని ధర్మాసనం చూస్తుంది. కూల్చివేతకు ముందు 15 రోజుల నోటీసు ఉండాలని 2024 నవంబరు 13న సుప్రీంకోర్టు చెప్పడం పౌరుడికి పెద్ద అండ. కానీ ఇంటి చుట్టూ వదలాల్సిన ఖాళీ (సెట్‌బ్యాక్) నిజంగా ఎంత వదిలారన్న వివాదంలోకి రిట్ కోర్టు సాధారణంగా దిగదు. యజమాని వివరణ తీసుకుని మళ్లీ నిర్ణయించండని చెప్పినప్పుడు, ఆ ఫైలు నోటీసు ఇచ్చిన కార్యాలయానికే తిరిగి చేరుతుంది.