ఆకుపచ్చగీత పట్టణము

మధ్యధరాసముద్రపు దూర్పుకొనయందు సైప్రసు ద్వీపము గలదు. దాని ముఖ్యపట్టణము నికోసియా. వెనీసువారు కట్టించిన వర్తులాకారపు కోటగోడ పదునొకండు బురుజులతో నేటికిని నిలిచియున్నది. కోటలోని లెడ్రావీథిని మేము నడచుచుండగా, అంగళ్ల నడుమ భటులు నిలిపి మా పాస్‌పోర్టులను బరీక్షించిరి. కొన్ని యడుగులు దాటగనే వేఱు భటులు, మరల పరీక్ష! ఈవల గ్రీకుభాష, చర్చిగంటలు; ఆవల తుర్కీభాష, మసీదుపిలుపు. చిన్నగిన్నెలలో మడ్డితోగూడ నిచ్చు కాఫీ మాత్రము రెండుచోట్ల నొక్కటియే, పేరే వేఱు.

సోదరీమణులారా! ఒక్క పట్టణ మిట్లు రెండగుట కేమి కారణము? 1960లో నీ ద్వీపము ఆంగ్లేయుల యేలుబడినుండి స్వతంత్రమయ్యెను. 1963 డిసెంబరులో నుభయజాతులకును కలహము పుట్టగా, ఆంగ్లసేనాని యొకడు పటముపై ఆకుపచ్చ పెన్సిలుతో గీత గీచెను. 1964 మార్చి 4న భద్రతామండలి శాంతిసేన నేర్పఱచెను. మన కొడగుసీమవాడగు జనరల్ తిమ్మయ్య యా సేనకు నాయకుడై, 1965 డిసెంబరులో నచ్చటనే స్వర్గస్థుడయ్యెను. సైప్రసు ప్రభుత్వము 1966లో నాయన పేర తపాలబిళ్ల వెలువరించినది.

1974లో గ్రీసు సైనికపాలకుల ప్రేరణమున తిరుగుబాటు జరుగగా, తుర్కీసేన వచ్చి యుత్తరభాగమును బట్టుకొనెను. లక్షలకొలది జనులు ఇల్లువాకిళ్లు విడిచిరి. నాటినుండి శాంతిసేన కాచు నడిమిభూమి 180 కిలోమీటర్లు ద్వీపమును జీల్చుచున్నది. 1983లో నుత్తరమువారు ప్రత్యేకరాజ్యమును ప్రకటించుకొనగా భద్రతామండలి చెల్లదనెను; తుర్కీ తప్ప నే దేశమును దానిని గుర్తింపలేదు. 2003లో దారులు తెఱచిరి. లెడ్రావీథి 2008లో దెఱవబడెను. నడుమ 2004లో ఐక్యతాప్రణాళికపై వోట్లు తీయగా, తుర్కీజాతివారిలో నూటికి 65 మంది యొప్పుకొనిరి. గ్రీకుజాతివారిలో 76 మంది కాదనిరి. కోల్పోయిన యిండ్లు, తుర్కీసేన యుండుట మున్నగు చిక్కులు వారిని వెనుకకు లాగెను.

తిక్కనగారి యుద్యోగపర్వము చదివిన మనకు రాయబారము చెడిన యుద్ధమే కలుగునని తోచును. ఇచ్చట రాయబారములు ఫలింపలేదు. 1974 నాటి యుద్ధమును మరల రాలేదు. అది కావలివారి పుణ్యమే. కాని కావలి యుండుట సంధి యగునా?

ఆ కలహములలో రెండువేలమంది కనబడకపోయిరి. 1981లో నేర్పడిన సంఘమున నుభయజాతులవారును గూడి గోతులు త్రవ్వి, యెముకలను గుర్తించి, బంధువుల కప్పగించుచున్నారు. ఇంతవఱకు వేయిమందికి పైగా నట్లు స్వజనులను జేరిరి. తక్కినవారి తల్లులు, భార్యలు వృద్ధులై యింకను నెదురుచూచుచున్నారు. కొందఱు చూచిచూచియే కన్నుమూసిరి. పెద్దల సంధి యెప్పుడు కుదురునో కాని, గీత కిరువంకల దుఃఖమును దీర్చు నీ పని మాత్రము సాగుచునే యున్నది.