తోటరాముడి అమ్మ

నరసరావుపేటలో మా అమ్మమ్మ ‘పాతాళభైరవి’ సినిమా ఎన్నిసార్లు చూసినా కళ్లొత్తుకునేది హీరో తోటరాముడి కోసం కాదు, వాళ్లమ్మ కోసం. ఆ తల్లి సురభి కమలాబాయి అని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. తెలిశాక మనసు కలుక్కుమంది.

మూకీల రోజుల్లో బొమ్మకు గొంతు లేదు. తెర పక్కన నిలబడి ఒకరు కథ చెప్పాల్సిందే. సురభి నాటకాల్లో పాడుతూ పెరిగిన కమలాబాయి, 1932లో హెచ్.ఎం. రెడ్డి తీసిన మన తొలి పూర్తి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతిగా తెర మీద గొంతు విప్పారు. మైకు లేని పందిట్లో చివరి వరుసకూ వినపడేలా పాడిన కుటుంబం మరి!

పందొమ్మిదేళ్ల తర్వాత, 1951లో, ‘పాతాళభైరవి’లో తోటరాముడిగా వేసిన ఎన్.టి. రామారావుకు తల్లి వేషం. దాన్ని చిన్న వేషమంటే నేనొప్పుకోను. అమ్మమ్మ ఆమె పేరెప్పుడూ అడగలేదు. ‘ఆ తల్లి వచ్చిందా?’ అనేది, అంతే.