జడ్28.02

అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ కోచింగ్ తీసుకునే రోజుల్లో, క్లాసు డల్‌గా ఉన్నప్పుడు సార్ కోడ్ పుస్తకంలోంచి వింత కోడ్లు తీసి చదివేవారు. బాతు కరిస్తే ఒక కోడ్. వాటర్ స్కీలకి మంటలంటుకుని ఒళ్లు కాలితే ఒక కోడ్. అందరం పడీ పడీ నవ్వేవాళ్లం. నాకు మాత్రం ఇప్పటికీ గుర్తుండిపోయిన పేజీ జడ్28. అందులో నవ్వడానికేం లేదు. టీకా ఎందుకు వేయలేదు అన్నదానికి కారణాల జాబితా అది.

మా పనేంటో తెలియనివాళ్లకి రెండు ముక్కలు. అమెరికాలో ఒకరు డాక్టర్ దగ్గరికి వెళ్తారు. ఆ డాక్టర్ రాసిన నోట్స్ ఇక్కడ హైదరాబాద్‌లో, బీఫార్మసీయో మైక్రోబయాలజీయో చదివిన నాలాంటివాళ్ల స్క్రీన్ మీదకి వస్తాయి. చదివి, జబ్బుకీ వైద్యానికీ కోడ్లు వేస్తాం. వాటిని చూసే ఇన్సూరెన్స్ కంపెనీ డబ్బు కడుతుంది. జబ్బుల కోడ్ల పుస్తకం పేరు ఐసీడీ-10-సీఎం, అక్కడ 2015 అక్టోబర్ 1 నుంచి వాడుకలో ఉంది. దీని తాతముత్తాతల్ని వెతుక్కుంటూ పోతే 1893లో జాక్ బెర్తియోన్ అనే ఫ్రెంచ్ గణాంకవేత్త తయారుచేసిన మరణ కారణాల జాబితా దగ్గర తేలతాం. మనుషులు ఎందుకు చచ్చిపోయారో రాసుకోవడానికి పుట్టిన జాబితా, బతికున్నవాళ్లకి సూది ఎందుకు పడలేదో అడిగే దాకా వచ్చిందన్నమాట.

జడ్28లో కారణాలు దేనికది వేరు. జ్వరంలాంటిదేదో ఉండి ఆ రోజుకి ఆపితే జడ్28.01. దీర్ఘకాలిక జబ్బు వల్ల ఆపితే జడ్28.02. రోగనిరోధక శక్తి దెబ్బతిని ఉంటే 03, టీకాలోని పదార్థానికి అలర్జీ ఉంటే 04. నమ్మకాల వల్ల వద్దంటే ఇంకోటి, పేషెంటే నిరాకరిస్తే ఇంకోటి, పిల్లల తరఫున పెద్దవాళ్లు నిరాకరిస్తే మరోటి. చివరికి స్టాక్ లేకపోయినా ఒక కోడ్ ఉంది, జడ్28.83. ఇవి వేసినంత మాత్రాన బిల్లు పెరగదు. రోజువారీ టార్గెట్ నెత్తిమీద కూర్చున్నప్పుడు వీటి కోసం నోట్స్ అంతా వెతికే ఓపిక ఎవరికుంటుంది చెప్పండి. అయినా నేను వెతుకుతాను. వద్దన్నవాళ్లనీ, కావాలన్నా కుదరనివాళ్లనీ ఒకే గాటన కట్టని కాగితం నేను చూసింది ఇదొక్కటే.

2017 ఆగస్టులో తెలంగాణ అంతటా మీజిల్స్-రుబెల్లా టీకాల కార్యక్రమం జరిగింది. తొమ్మిది నెలల నుంచి పదిహేనేళ్ల లోపు పిల్లలందరికీ. బడికే వచ్చి వేశారు, వేసినవాళ్ల ఎడమ బొటనవేలికి ఓట్లప్పుడు పెట్టినట్టు గుర్తు పెట్టారు. కరీంనగర్‌లో మా అక్క కొడుక్కి అప్పుడు ఆరేళ్లు, నెఫ్రోటిక్ సిండ్రోమ్. మూత్రంలో ప్రొటీన్ పోతుంది, పొద్దున లేచేసరికి కళ్లు ఉబ్బిపోతాయి. రోజూ ప్రెడ్నిసొలోన్ మాత్రలు. మొహం గుండ్రంగా అయిపోయి, బడిలో వాడికి పేరే మారిపోయింది.

మీజిల్స్-రుబెల్లాది బతికున్న వైరస్‌ని బలహీనపరిచి చేసే టీకా. కిలో బరువుకి రోజుకి 2 మిల్లీగ్రాముల లెక్కన రెండు వారాలు, అంతకు మించి స్టిరాయిడ్ వాడితే, అది ఆపాక కనీసం నెల గడిచేదాకా అలాంటి టీకాలు వేయరు. వాడి డాక్టర్ వద్దన్నారు. అంతే సంగతి. కానీ బడి రిజిస్టర్‌లో 'వేయించుకోనివారు' అని ఒకటే వరస. ఫోన్లలో పుకార్లు తిరుగుతున్న రోజులు కూడా. టీచర్ అక్కకి ఫోన్ చేసి, "ఏందమ్మా, చదువుకున్నోళ్లు, మీరే ఇట్ల చేస్తే ఎట్ల?" అంది. అక్క చెప్పబోయింది గానీ అవతల లైన్లో ఉన్నామెకి ఇంకా చాలామందికి ఫోన్ చేసే పని ఉంది.

ఆ ఆదివారం నేను వెళ్లేసరికి వాడు స్కెచ్ పెన్నుతో బొటనవేలికి గీత గీసుకుని కూర్చున్నాడు. "అందరికీ ఏశిండ్రు, నాకే ఎందుకెయ్యలే చిన్నమ్మా?" "నీ మందులు అయిపోయినంక ఏస్తరు బిడ్డా" అన్నాను. వాడి క్లాసులో మిగతా పిల్లల వేళ్లకున్న గుర్తులే వాడికీ కాపలా అని ఆరేళ్లవాడికి ఎలా చెప్పాలో నాకు తెలియలేదు.

తిరుగు బస్సులో ఉద్యోగం బుర్ర పని చేయడం మొదలెట్టింది. వీడికి ఏ కోడ్? నెఫ్రోటిక్ సిండ్రోమ్ దీర్ఘకాలిక జబ్బే, కాబట్టి 02 అనాలి. కానీ టీకాకి అడ్డం వచ్చింది జబ్బు కాదు, దానికి వేసే మందు. అప్పుడు 03. ఆఫీసులో అడిగితే ఇద్దరు అటు, ఇద్దరు ఇటు. మా టీమ్ లీడ్ ఒక్క ప్రశ్నతో తేల్చేసింది: "డాక్టర్ ఏం రాశారు?" అక్క ఫోన్లో ఫొటో పంపింది. 'ప్రస్తుతానికి లైవ్ టీకాలు వాయిదా' అని మాత్రమే ఉంది. కారణం లేదు. కారణం రాయకపోతే ఊహించే హక్కు కోడర్‌కి లేదు. డాక్టర్‌నే అడగాలి, లేదంటే కారణం తెలియదనే జడ్28.9 వేసుకోవాలి.

ఈ నియమం రెండో వైపు కూడా కోస్తుంది. షుగర్ ఉందనో ఆస్తమా ఉందనో ఫ్లూ టీకా ఆపానని డాక్టర్ రాస్తే, నోరు మూసుకుని 02 వేయాలి. షుగర్, ఆస్తమా, గుండెజబ్బు ఉన్నవాళ్లకే ఆ టీకా ముందు వేయాలని ఎవరూ చెప్పక్కర్లేదు. మా వాడికి కూడా, లైవ్ టీకా కాని న్యుమోనియా టీకాని డాక్టరే పట్టుబట్టి వేయించారు. దీర్ఘకాలిక జబ్బు అనే మాట వెనక సరైన కారణమూ దాక్కుంటుంది, వట్టి భయమూ దాక్కుంటుంది. రెండిటికీ అవే అంకెలు.

వాడికి మాత్రలు పూర్తిగా ఆగడానికి మూడేళ్లు పట్టింది. ఆగాక గడువు చూసుకుని, మిగిలిన టీకాలు డాక్టరే ఒక్కొక్కటీ వేశారు. అక్క ఫైలు ఇంకా దాచిపెట్టింది. మొన్న తిరగేస్తే అట్ట లోపల ఆమె చేతిరాత కనిపించింది: 'మేము వద్దనలేదు. స్టిరాయిడ్లు నడుస్తున్నయని డాక్టర్ ఆపిండు.' కింద తేదీ, సంతకం. కారణం ఇంత స్పష్టంగా రాసిన డాక్టర్లు నాకు తక్కువే తగిలారు. అయితే తల్లి రాసింది చూసి మేం ఆ కోడ్ వేయకూడదు.