విన్న కొండ

మాది వినుకొండ. హైదరాబాద్‌లో క్యాబ్ నడుపుతా. ఎక్కినవాళ్లు ఓటీపీ చెప్తారు, ఇయర్‌ఫోన్స్ పెట్టుకుంటారు. మొన్న ఒక పెద్దావిడ దిగుతూ "అన్నం తిన్నావా నాయనా?" అంది. మళ్లీ కనపడదు. ఆ రోజంతా ఆ మాటతోనే తిరిగా.

వీలు దొరికితే ఊరికొస్తా. సీతమ్మ కబురు రాముడు విన్నది ఈ కొండమీదేనట. విన్నకొండే వినుకొండ అయిందంటారు. 1895లో ఈ గడ్డమీదే పుట్టిన జాషువా, గుడిలోకి రానివ్వని మనిషి గోడును గబ్బిలానికి చెప్పించారు. వినేవాళ్లు లేకపోతే మనిషి దేనితోనైనా మాట్లాడతాడు. నేను జీపీఎస్‌తో మాట్లాడతా.

ఇక్కడ షేర్ ఆటోలో, మిర్చి కోతకెళ్లే కూలీల మధ్య ఇరుక్కుని కూర్చుంటే చాలు, "ఎవరబ్బాయివిరా?" అని మొదలెడతారు. దిగేలోపు మా తాత పేరు దాకా వెళ్తారు.

ఈసారి క్యాబ్ ఎక్కితే "ఏ ఊరన్నా మీది?" అని అడిగి చూడండి.