మేనమామ పోలిక

పెళ్ళికొడుక్కి మేనమామ బట్టలు పెట్టడం మా ఇళ్ళలో ఆనవాయితీ. పెట్టడానికి నాకేం అభ్యంతరం లేదు. "డబ్బు ఇచ్చేస్తాను, మీరే కొనుక్కోండి" అన్నాను. "అదేం కుదరదు. నువ్వే దగ్గరుండి ఎంచాలి" అంది మా అక్కయ్య. చేసేది లేక, మొన్న మాఘమాసంలో మేనల్లుణ్ణి వెంటబెట్టుకుని రాజమండ్రి తాడితోటలో బట్టల కొట్లకు బయలుదేరాను.

నా భయమేమిటో ఇక్కడ చెప్పేయాలి. నాకు రంగులు సరిగా తెలియవు. తెలియవంటే లోకమంతా నలుపూ తెలుపుగా కనబడుతుందని కాదు సుమండీ! పసుపు పసుపే, నీలం నీలమే. ఎరుపూ ఆకుపచ్చా కలిసిన చోటనే వస్తుంది తంటా. ముదురాకుపచ్చకూ గోధుమరంగుకూ, లేత గులాబీకీ బూడిదరంగుకూ, వంగపండుకూ నీలానికీ తేడా చెప్పమంటే ఇంటికప్పు వంక చూస్తాను. చదువు ముగిసిన కొత్తలో ఒక ఉద్యోగానికి కంటి పరీక్ష జరిగింది. జపాను వైద్యుడు ఇషిహరా 1917లో తయారుచేసిన చుక్కల బొమ్మలు ముందు పెట్టి, అందులో అంకె చదవమన్నారు. నాకు చుక్కలు కనబడ్డాయి గాని అంకె కనబడలేదు. ఆ ఉద్యోగమూ కనబడలేదు.

నా పెళ్ళికి చొక్కాగుడ్డ నేనే ఎంచుకున్నాను. పెద్దమనిషి తరహాగా ఉంటుందని బూడిదరంగు తీశాను. తీరా తొడుక్కుని విడిదింట్లోంచి బయటికొస్తే ఆడపెళ్ళివారి పిల్లలు కిసుక్కున నవ్వారు. అది లేత గులాబీ! "ఇప్పుడిదే ఫ్యాషన్" అని బొంకాను. ఆ బొంకు అక్కడితో ఆగితే బాగుండేది. పెళ్ళయిన మూడో నెలలో మా ఆవిడ కొత్త చీర కట్టుకుని వచ్చి "ఎలా ఉంది?" అంది. "ఆకుపచ్చ నీకు బాగా నప్పింది" అన్నాను. చీర గోధుమరంగుదట. ఆవిడ మాట్లాడలేదు. లోపలికి వెళ్ళి చీర మార్చుకుంది. నేను తనవంక చూడనైనా చూడకుండా నోటికొచ్చింది అన్నాననుకుంది. నిజం చెప్పడానికి నాకు మరో ఏడాది పట్టింది. ఆ ఏడాదంతా ఆవిడ నన్ను ఏ చీర సంగతీ అడగలేదు.

సరే, కొట్టుకి వద్దాం. రిసెప్షన్‌లో పెళ్ళికూతురు కట్టబోయే చీరకు పెళ్ళికొడుకు షేర్వాణీ కలవాలట. ఆ చీర తాలూకు జాకెట్టు గుడ్డలోంచి ఓ ముక్క కత్తిరించి పంపారు. మావాడు దాన్ని జేబులోంచి తీసి గల్లాపెట్టె పక్కన పరిచాడు. గుమాస్తా ఇరవై రకాలు దింపాడు. మావాడు తడుముకోకుండా ఒకటి లాగి, "ఇదే! అచ్చం ఇదే!" అన్నాడు. నేనూ చూశాను. సందేహమేముంది? "భేష్! ఒకే తానులో ముక్కలా ఉంది" అన్నాను.

గుమాస్తా మా ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూశాడు. "బాబుగారూ, మీ ముక్క వంగపండండీ. ఇది నీలమండీ" అన్నాడు మెల్లిగా.

నేను మావాడి వంక చూశాను. వాడు నా వంక చూశాడు. "మామయ్యా... నీకూనా?" అన్నాడు.

మేనమామ పోలికంటే ముక్కూ మొహమూ అనుకుంటాం. ఇది అంతకంటే గట్టి పోలిక. ఈ లోపం తల్లివైపు నుంచి వచ్చే ఎక్స్ క్రోమోజోములో ఉంటుంది. మా అమ్మ నుంచి నాకొచ్చింది. అక్కయ్య ద్వారా వీడికొచ్చింది. మోసిన ఆడవాళ్ళిద్దరికీ రంగులు దివ్యంగా కనబడతాయి! పరమాణు సిద్ధాంతం చెప్పిన జాన్ డాల్టన్‌కూ, ఆయన సోదరుడికీ ఇదే లోపం. 1794లో తన చూపు మీద తానే పత్రం చదివాడాయన. తాను పోయాక కళ్ళు కోసి చూడమని చెప్పాడు. 1844లో చూస్తే ఏమీ అంతుబట్టలేదు. దాచి ఉంచిన ఆ కంటి ముక్కను 1995లో పరీక్షించాక గాని సంగతి తేలలేదు.

"ఆ అమ్మాయికి చెప్పావుట్రా?" అన్నాను.

"లేదు మామయ్యా. పెళ్ళయ్యాక నెమ్మదిగా చెబుదామని..."

ఆ "నెమ్మదిగా" ఎంత పొడుగో నాకు తెలుసు. గోధుమరంగు చీర కథంతా ఆ బల్ల ముందే చెప్పాను. గుమాస్తా కూడా విన్నాడు, విననీ. మావాడు సెల్‌ఫోను తీసుకుని కొట్టు మెట్ల మీదికి వెళ్ళాడు. నేను అద్దంలోంచి చూస్తున్నాను. చాలాసేపు వాడే మాట్లాడాడు. తర్వాత చాలాసేపు ఊరుకున్నాడు. నా గుండె గుబగుబలాడింది. అంతలో వాడు నెత్తి గోక్కుంటూ నవ్వాడు.

లోపలికి వచ్చాక చెప్పాడు. "'అయితే పెళ్ళిచూపులనాడు నా చీర ఏ రంగనుకున్నారు?' అంది మామయ్యా. గోధుమరంగు అన్నాను."

"ఏ రంగుట?"

"ఆకుపచ్చ."

ఆ తర్వాత బేరం మా చేతుల్లో లేదు. ఆ అమ్మాయి ఫోనులో బొమ్మ చూస్తూ "అది కాదు, దాని కింది మడత" అంటుంటే గుమాస్తా దింపాడు, మేం డబ్బు చెల్లించాం. ఫోనులో రంగు మారుతుందని, వంగపండు ముక్కను గుమాస్తాచేత వీధి వెలుతుర్లోకి కూడా తీసుకెళ్ళించింది. గట్టి పిల్ల.

ముహూర్తం వేళ మధుపర్కాలు కట్టి మావాడు పీటల మీదికి వస్తున్నాడు. తెల్లటి నూలు బట్ట. ఆ పిల్లకూ తెల్లచీరే. "దీనికి మాత్రం మన కళ్ళు చాలురా" అన్నాను చెవిలో.

"అంచు ఎరుపుట మామయ్యా, తను చెప్పింది" అన్నాడు వాడు.