కూలిన చోటే లేచిన వార్సా పాతబస్తీ

వార్సా పాతబస్తీలో గైడ్లు నడక మొదలుపెట్టేది ఎక్కువగా ఒకే చోట: రాజకోట ఎదుట ఉన్న చౌక్‌లో, సిగిస్మండ్ రాజు స్తంభం కింద. 22 మీటర్ల ఎత్తున ఒక చేత శిలువ, ఇంకో చేత కత్తి పట్టుకుని నిలబడ్డ ఈ మూడవ సిగిస్మండ్ వాసా హయాంలోనే పోలండ్ రాజధాని క్రాకోవ్ నుంచి వార్సాకు మారింది. కొడుకు నాల్గవ వ్లాదిస్లావ్ 1644లో తండ్రి పేరిట స్తంభం ఎత్తించాడు. గొడుగు పైకెత్తి పట్టుకున్న గైడ్ ఇంతవరకూ చెప్పేది యూరప్‌లో ఏ పాత నగరంలోనైనా వినే కథే.

ఆ తర్వాత మనల్ని కోట పక్కకు తీసుకెళ్తారు. అక్కడ నేలమీద రెండు పాత స్తంభాలు పడి ఉంటాయి. ఒకటి 1644 నాటి అసలుది. రెండోది, అది పాడైతే 1887లో దాని స్థానంలో నిలిపిన గ్రానైట్ స్తంభం. చెయ్యి పెట్టి తడిమితే రాయి ఒళ్ళంతా పెచ్చులూడిన గుంటలే. 1944 సెప్టెంబరు 1న జర్మన్ ట్యాంకు కాల్పులకు కూలింది ఇదే. పైనుంచి పడ్డ కంచు విగ్రహం మాత్రం కొద్దిపాటి దెబ్బలతో బతికింది. 1949లో కొత్త గ్రానైట్ స్తంభం చెక్కించి, పాత రాజును మళ్ళీ పైకెక్కించారు. ఇక్కడినుంచి ముందుకు నడిచేకొద్దీ ఏ గోడను చూసినా అడగాల్సిన ప్రశ్న ఒకటే: ఇది ఎప్పటిదని కాదు, దీన్ని మళ్ళీ ఎవరు నిలబెట్టారని.

1944 ఆగస్టు 1న వార్సా జనం నాజీ ఆక్రమణ మీద తిరగబడ్డారు. 63 రోజులు పోరాడారు. లక్షన్నర మందికి పైగా పౌరులు చనిపోయారు. తిరుగుబాటు అణిగాక మిగిలినవాళ్ళను ఊరినుంచి వెళ్ళగొట్టి, జర్మన్ దళాలు వీధి తర్వాత వీధిగా తగలబెట్టాయి, గోడలకు మందు పెట్టి పేల్చాయి. అది యుద్ధం మధ్యలో జరిగిన నష్టం కాదు. నగరాన్ని భూమ్మీద లేకుండా చెయ్యాలన్న ఆజ్ఞ. 1945 జనవరిలో సోవియట్ సైన్యం వచ్చేసరికి నగరంలో దాదాపు 85 శాతం నేలమట్టమై ఉంది. రాజధానిని వూజ్ నగరానికి మార్చేద్దామా అన్న ఆలోచన కూడా అప్పట్లో నడిచింది.

రాజకోట మీద జర్మన్ల కన్ను ముందునుంచే ఉంది. 1939 సెప్టెంబరు 17న బాంబు దాడిలో అది తగలబడింది. గడియార బురుజు పైభాగం కూలి, ముల్లు 11.15 దగ్గర ఆగిపోయింది. ఆ చలికాలమే గోడలకు వేల కన్నాలు తొలిచి పేల్చివేతకు సిద్ధం చేశారు. చివరికి పేల్చింది 1944లో. యూరప్‌లో మొట్టమొదటి లిఖిత రాజ్యాంగాల్లో ఒకటైన 1791 మే 3 రాజ్యాంగం ఆమోదం పొందిన భవనం అది. యుద్ధం తర్వాత వచ్చిన కమ్యూనిస్టు ప్రభుత్వం పాతబస్తీని కట్టినా కోట జోలికి చాలాకాలం పోలేదు. 1971లో సరేనన్నాక, పోలండ్‌లోనూ పరాయి దేశాల్లోనూ ఉన్న పోలిష్ జనం చందాలు వేసుకుని కట్టారు. స్తానిస్లావ్ లోరెంట్స్ అనే మ్యూజియం అధికారి, ఆయన మనుషులు 1939లో ప్రాణాలకు తెగించి మంటల్లోంచి, శిథిలాల్లోంచి తెచ్చి దాచిన తలుపులు, చెక్కడాలు, రాతి ముక్కలు మళ్ళీ తమ తమ చోట్లకు చేరాయి. 1974 జులై 19న కోట గడియారాన్ని తిరిగి నడిపించారు. ఏ వేళకు అనుకున్నారు? సరిగ్గా 11.15కు.

కోట దాటి కుడివైపు సన్నటి వీధిలోకి తిరిగితే సెయింట్ జాన్ కథెడ్రల్. తిరుగుబాటు రోజుల్లో ఈ చర్చి లోపలే, బల్లల మధ్య, చేతికి చెయ్యి తగిలేంత దగ్గరగా పోరు సాగింది. దాని పక్క సందులో ఒక వస్తువు ఉంది. చాలామంది గమనించకుండా వెళ్ళిపోతారు. ఇటుక గోడలో ఇనుప గొలుసు పట్టా ఒకటి బిగించి ఉంటుంది. జర్మన్లు దూరంనుంచి నడిపి పేల్చిన చిన్న మందుబండి తాలూకు చక్రపు పట్టా అది. చర్చిని పగలగొట్టిన ఇనుమునే చర్చి గోడలో పెట్టి కట్టేశారు. ముందుభాగం సంగతి మరో కథ. యుద్ధానికి ముందు ఈ చర్చికి 19వ శతాబ్దంలో ఇంగ్లిష్ పద్ధతిలో చేసిన ముఖం ఉండేది. కొత్తగా కట్టినప్పుడు వాస్తుశిల్పి యాన్ జఖ్వాతోవిచ్ దాన్ని వదిలేసి, మధ్యయుగంలో ఎలా ఉండి ఉంటుందో ఊహించి ఇటుకతో కొత్త ముఖం గీశారు. అంటే ఇక్కడ కొన్నిచోట్ల మనం చూసేది పోయిన భవనాన్ని కాదు, దాని గురించి ఒక తరం కన్న కలను. ఈ మాట గైడ్ చెప్పకపోతే మనమే అడిగి చెప్పించుకోవాలి.

చర్చి వెనక కనోనియా అనే మూడు మూలల చౌక్. మధ్యలో 1646లో పోతపోసిన కంచు గంట బోర్లించినట్టు ఉంటుంది. దాని చుట్టూ మూడుసార్లు తిరిగితే కోరిక తీరుతుందని నమ్మకం. పిల్లలు తిరుగుతారు, పెద్దలూ తిరుగుతారు. పోసినవాడు దానియెల్ తిమ్, సిగిస్మండ్ విగ్రహం పోసిందీ అతనే.

అక్కడినుంచి అంగడి చౌక్‌లోకి అడుగుపెట్టగానే కళ్ళు నిండిపోతాయి. నాలుగువైపులా ఒకదానినొకటి ఆనుకుని పసుపు, గులాబి, ఆకుపచ్చ, ఇటుకరంగు ఇళ్ళు. మధ్యలో కత్తీ డాలూ పట్టిన మత్స్యకన్య, నగర చిహ్నం. 1945లో ఇక్కడ మిగిలినవి మొండిగోడలు, రాళ్ళగుట్టలు. ఇక్కడే ఉన్న మ్యూజియంలోని ఫొటోల్లో ఆ గుట్టలు చూసి బయటికొచ్చి ఇదే చౌక్‌ను మళ్ళీ చూస్తే నమ్మబుద్ధి కాదు.

ఇదెలా సాధ్యమైంది? చాలామంది గైడ్లు చెప్పే జవాబు కానలెత్తో బొమ్మలు. పేరు నిజమే. అసలు కానలెత్తో మేనల్లుడు బెర్నార్డో బెలొత్తో ఆ పేరే పెట్టుకుని, చివరి పోలిష్ రాజు స్తానిస్లావ్ అగస్ట్ ఆస్థానంలో 1780లో చనిపోయేదాకా వార్సా వీధుల్ని కిటికీ కిటికీ లెక్కపెట్టినట్టు చిత్రించాడు. కానీ ఆయన ఎక్కువగా గీసింది కోటకు దక్షిణంగా పోయే రాజవీధుల్ని, ఉత్తరాన కొత్తబస్తీని. అక్కడి కొన్ని భవనాలకు ఆ బొమ్మలు నిజంగానే ఆధారమయ్యాయి. పాతబస్తీ ఇళ్ళను లేపింది మాత్రం అంతకంటే సాదాసీదా కాగితాలు. యుద్ధానికి ముందు వార్సా పాలిటెక్నిక్ ఆర్కిటెక్చర్ విద్యార్థులు టేపులు పట్టుకుని ఇళ్ళెక్కి, గుమ్మాలు, మెట్లు, కప్పులు కొలిచి గీసిన కొలతల పటాలు. కళాశాల పని అది, మార్కుల కోసం చేసినది. ఆ విభాగాన్ని నడిపిన ఓస్కర్ సోస్నోవ్‌స్కీ 1939 ముట్టడిలో ఆ పటాల్ని కాపాడబోయి గాయపడి ప్రాణం వదిలారు. ఆక్రమణ కాలంలో సహోద్యోగులు దొంగచాటుగా పటాలు గీస్తూనే ఉన్నారు. తిరుగుబాటు తర్వాత నగరం తగలబడుతుండగా, అనుమతి సంపాదించి లోపలికి వెళ్ళి కట్టలు బయటికి తెచ్చి, ప్యోత్రకూవ్ పట్నంలో ఒక మఠంలో దాచారు. ఈ నడకలో నన్ను అన్నిటికంటే కదిలించేది ఈ సంగతే. ఆస్థాన చిత్రకారుడి పనితనం గొప్పదే. అయినా ఈ ఊరికి ఊపిరి పోసింది మాత్రం పేరు తెలియని విద్యార్థులు పెన్సిలుతో వేసిన కొలతలు.

1945 ఫిబ్రవరిలో రాజధాని పునర్నిర్మాణ కార్యాలయం ఏర్పడింది. చారిత్రక కట్టడాల విభాగం జఖ్వాతోవిచ్ చేతికొచ్చింది. గతాన్ని చెరిపెయ్యాలని శత్రువు చేసిన పనికి ఒప్పుకోకూడదు, తిరిగి కట్టడం రాబోయే తరాలకు మనం పడ్డ బాకీ అని ఆయన వాదించారు. జనం పారలు పట్టి శిథిలాలు ఎత్తారు. చందాలు పోగయ్యాయి. పనికొచ్చే ఇటుకను ఏరి గీకి మళ్ళీ వాడారు. చాలనప్పుడు, యుద్ధం తర్వాత పోలండ్‌కు దక్కిన పడమటి పట్నాలనుంచి తెప్పించారు. పాతబస్తీ ఉత్తర ద్వారంలా కనిపించే గుండ్రటి బార్బికన్ కోటబురుజులో వ్రొత్స్వావ్ ఇటుక ఉంది. ఒక ఊరి గాయం మాన్పడానికి ఇంకో ఊరి గోడలు ఊడబెరికారని అక్కడివాళ్ళు నొచ్చుకోవడంలో న్యాయం ఉంది.

1953 జులై 22న అంగడి చౌక్ తెరిచారు. ముఖాలు పాతవి, లోపల కొత్త ఫ్లాట్లు. పూర్వం వెనక ఇరుకిరుగ్గా అల్లుకుపోయిన వాటాల్ని మళ్ళీ కట్టలేదు. అందుకే ఇప్పుడు పెరళ్ళలో వెలుతురుంది, చెట్లున్నాయి. 1980లో యునెస్కో ప్రపంచ వారసత్వ గుర్తింపు ఇచ్చింది. పాతదన్న పేరుకు కాదు, ఇంత పట్టుదలగా తిరిగి కట్టినందుకు ఇచ్చింది. నకలు కదా అని పెదవి విరిచే యాత్రికులకు ఇంతకంటే జవాబు అక్కర్లేదు.

బార్బికన్ దాటితే కొత్తబస్తీలో ఫ్రేతా వీధి. 16వ నంబరు ఇంట్లో 1867లో మరియా స్క్వదోవ్‌స్కా పుట్టింది. లోకానికి మేడమ్ క్యూరీ. ఇల్లు ఇప్పుడు మ్యూజియం. గోడ వెంట పొద్వాలే వీధిలో తలకు పెద్దదైన హెల్మెట్, చేతిలో తుపాకీతో ఒక బాలుడి విగ్రహం ఉంటుంది. తిరుగుబాటులో వార్తలు మోసిన పిల్లల గుర్తుగా 1983లో పెట్టారు. అక్కడికి దగ్గర్లోనే క్రసీన్‌స్కీ చౌక్. పాతబస్తీ చేజారే గడియలో ఐదు వేలమందికి పైగా పోరాటవీరులు, జనం మురుగు కాలువల్లో దిగి నగర మధ్యానికి తప్పించుకున్నది ఇక్కడినుంచే. నడవలేని క్షతగాత్రులు వెనకే ఉండిపోయారు, ఎందరినో చంపేశారు. ఈ తిరుగుబాటుకు ఇక్కడ పెద్ద స్మారకం 1989లో గానీ రాలేదు. పాతబస్తీని అంత శ్రద్ధగా కట్టిన ప్రభుత్వమే ఆ వీరుల్లో చాలామందిని జైళ్ళలో పెట్టింది మరి.

మామూలు నడకలు ఇక్కడ ముగుస్తాయి. నా మాట వింటే ముగించకండి. పడమటికి ఇరవై నిమిషాలు నడిస్తే మురానోవ్. యుద్ధానికి ముందు వార్సా జనంలో దాదాపు మూడోవంతు యూదులు. నాజీలు వాళ్ళను ఈ వైపునే గెట్టో గోడల మధ్య బంధించారు. 1942 వేసవిలో రెండున్నర లక్షలకు పైగా మనుషుల్ని త్రెబ్లింకా మృత్యుశిబిరానికి తరలించారు. 1943లో తిరగబడ్డ మిగిలినవాళ్ళను చంపి పేటంతా నేలమట్టం చేశారు. పాతబస్తీ లాగా దీన్ని మళ్ళీ కట్టలేదు. కట్టమని అడిగేవాళ్ళు మిగల్లేదు. శిథిలాలు తొలగించడమే కష్టమై, ఆ గుట్టలమీదే, ఆ రాళ్ళనే పొడి చేసి తయారుచేసిన ఇటుకలతోనే కొత్త కాలనీ వేశారు. వీధినుంచి కొన్ని మెట్లెక్కితే గానీ ఇంటి గుమ్మం రాదు. ఆ ఎత్తు పాత పేట శిథిలాలది.

పోలండ్‌లో చదువుకుంటున్న తెలుగు పిల్లలు ఇప్పుడు చాలామందే ఉన్నారు. వాళ్ళను చూడ్డానికి వెళ్ళే అమ్మానాన్నలు వార్సాలో ఒక పూట దొరికితే పాతబస్తీ నడకకు వెళ్తారు. ఆ పూటను రోజు చేసుకోండి. పొద్దున సిగిస్మండ్ స్తంభం దగ్గర మొదలుపెట్టి, సాయంత్రం మురానోవ్ మెట్లు ఎక్కండి. రెండోది చూడకుండా తిరిగొస్తే వార్సాను సగమే చూసినట్టు.